పెళ్లికొడుకు చేప, ప్లాస్టిక్ ఇడ్లీ రేకులు

ఆ రోజుల్లో అమెరికాలోని ఇర్వింగ్‌లో మా అపార్ట్‌మెంట్ల పార్కింగ్‌లో పొద్దున తొమ్మిది దాటాక మిగిలేవి రెండు రకాల కార్లే. చెడిపోయినవి కొన్ని, డిపెండెంట్ వీసా మీద వచ్చిన భార్యలు ఇంకా నడపడం నేర్చుకోవలసినవి కొన్ని. మాది రెండో రకం. కిటికీలోంచి దాన్ని చూస్తూ కాఫీ తాగడం, తాగాక కప్పు కడగడం, కడిగిన కప్పు ఆరిందో లేదో వెళ్లి చూడడం, ఇదీ నా దినచర్య. పెళ్లికి ముందు గుంటూరులో ఒక జూనియర్ కాలేజీలో జువాలజీ చెప్పేదాన్ని. ఫార్మలిన్ సీసాలోని చేపను చూపిస్తూ దాని మొప్పల గురించీ పొలుసుల గురించీ గంటసేపు ఆపకుండా మాట్లాడగలిగేదాన్ని. అలాంటిదాన్ని మాట్లాడడానికి మనిషి లేక మైక్రోవేవ్ గంట కొడితే "వస్తున్నా" అనే స్థితికి వచ్చాను. మా వీసా మీద జీతం తీసుకునే పని చేయకూడదు, జీతం లేని పని ఎంతైనా చేసుకోవచ్చు. (ఇంట్లో చేస్తున్నది అదే కదా అన్నాను మావారితో. ఆయనకి అప్పుడే ఫోన్ వచ్చినట్టయి బాల్కనీలోకి వెళ్లారు.)

అలా డ్రైవింగ్ నేర్చుకుని, హైవే మీద ఇరవై నిమిషాల దూరంలో (నేను నడిపితే అరగంట పైనే) ఉన్న ఒక చిన్న అక్వేరియంలో వాలంటీరుగా చేరాను. అక్కడ చేపల బాగోగులు చూసే పెద్దావిడకి ఎండాకాలమైనా వానాకాలమైనా కాళ్లకి మోకాళ్ల దాకా రబ్బరు బూట్లు ఉండేవి. అందుకని ఇంట్లో ఆవిడ ప్రస్తావన వస్తే "బూట్లావిడ" అనేదాన్ని. చేరే ముందు ఆవిడ నన్ను అడిగింది ఒకటే ప్రశ్న, చేపలతో అనుభవం ఉందా అని. ఉందన్నాను, చాలా రకాల చేపల లోపలి నిర్మాణం తెలుసునన్నాను. "బతికున్న వాటితో?" అంది. నేర్చుకుంటానన్నాను. నవ్వి ఒక బకెట్, స్క్రబ్బరు చేతికిచ్చింది. మొదటి నెలంతా బకెట్లు కడిగాను, రొయ్యలు ఒలిచాను. గుడ్డు కూడా వండని ఇంటి కోడలిని, ఒంటి నిండా రొయ్యల వాసనతో తిరిగొచ్చి తలుపు దగ్గరే చెప్పులు, చొక్కా, వీలైతే నన్ను నేను కూడా వదిలేసి లోపలికి రావలసి వచ్చేది.

అక్కడే పరిచయమయ్యాడు పెళ్లికొడుకు. అతనొక ట్రిగ్గర్ ఫిష్. రెండు అరచేతులంత మనిషి (చేపను మనిషి అనడం అక్కడ అలవాటైంది), నల్లటి ఒంటి మీద కింద భాగమంతా పెద్ద పెద్ద తెల్ల చుక్కలు, మూతికి ఎవరో శ్రద్ధగా రంగు వేసినట్టు పసుపుపచ్చ పెదాలు. దిష్టిచుక్క ఒక్కటే తక్కువ. ఎవరింట్లోనో చిన్న తొట్టిలో పెరిగి, అది చాలక ఇక్కడికి వచ్చాడట. అలకపాన్పు ఎక్కినవాడిలా మూతి బిగించుకుని గాజు గోడ వెంట ఈ మూల నుంచి ఆ మూలకీ, ఆ మూల నుంచి ఈ మూలకీ తిరగడమే పని. తిండి వేస్తే నిమిషంలో మింగేసి మళ్లీ గోడ పట్టుకునేవాడు. ఉబుసుపోకపోతే నీటి గొట్టాలు కొరికేవాడు. ఒకరోజు పక్కనున్న చేప తోక కొరికాడు. అది మాత్రం బూట్లావిడ సహించలేదు. మళ్లీ ఇలాగే చేస్తే వెనక గదిలో ఉన్న ఒంటరి తొట్టిలో పెట్టేయక తప్పదంది. ఆ తొట్టి నేను కడిగినదే. అందులో ఈ గోడ నుంచి ఆ గోడకి పోవాలన్నా అతను సగం మలుపు తిరిగితే అయిపోతుంది. నా ముఖం చూసిందో ఏమో, ఆవిడ బకెట్ బోర్లించి దాని మీద కూర్చుంది. ఆవిడ ఇంగ్లీషులో అన్నది మన మాటల్లో చెప్పాలంటే ఇదీ: "సముద్రంలో ఇతనికి ఎవరూ వడ్డించరు. రాళ్ల సందుల్లో వెతుక్కోవాలి, గుల్లలు పగలగొట్టుకోవాలి, నోటితో నీళ్లు ఊది ఇసుక చెదరగొట్టి అడుగున ఏముందో చూసుకోవాలి. పొద్దున్నుంచి సాయంత్రం దాకా అదే బతుకు. మనం ప్రేమగా తిండి పెట్టి ఆ పనంతా లాగేసుకున్నాం. ఇప్పుడు తీరిక ఎక్కువై గొట్టాలు తింటున్నాడు. ఇతనికి పని కల్పించు, చూద్దాం." పని దొరకక చేపల దగ్గరికి వచ్చిన నాకు, చేపకి పని వెతికిపెట్టే పని దొరికింది.

నాకు ఎంఎస్సీలో క్లాసు ఫస్టు వచ్చిన సంగతి అప్పుడు గుర్తుకొచ్చింది. గుర్తు రాకపోయినా బాగుండేది. వంకీలు తిరిగిన ప్లాస్టిక్ పైపుకి చిల్లులు పెట్టి, మధ్యలో ఎక్కడో రొయ్య ముక్కలు కుక్కి తొట్టిలో దించాను. ఇది ఛేదించగల చేప పుట్టలేదన్నంత గొప్పగా తయారైంది. అది నిజమే అయింది. పెళ్లికొడుకు దగ్గరికి వచ్చి ఒక కన్నుతో చూశాడు, తిరిగి రెండో కన్నుతో చూశాడు, పైపుని పళ్లతో పట్టుకుని తీసుకెళ్లి సరిగ్గా సందర్శకుల ముందు గాజుకేసి కొట్టడం మొదలుపెట్టాడు. గాజు అవతల ఒక పాప వాళ్లమ్మతో "మామ్, హీ వాంట్స్ టు కమ్ అవుట్" అంది. పైపు తీసేశాను.

మా అత్తయ్యగారు అప్పుడు మా దగ్గరే ఉన్నారు. తెనాలి నుంచి ఆరు నెలలకని వస్తూ సూట్‌కేసులో చీరల మధ్య చుట్టి నాలుగంతస్తుల స్టీలు ఇడ్లీ స్టాండు తెచ్చుకున్నారు. ఎందుకంటే మా ఇంట్లో ఉన్నది మైక్రోవేవ్‌లో పెట్టే ప్లాస్టిక్ ఇడ్లీ స్టాండు. దానిలో నేను చేసిన ఇడ్లీలను ఆవిడ మొదటిసారి వచ్చినప్పుడు వేలితో నొక్కి చూసి, "అమ్మాయ్, ఇవి గిన్నెలు తోముకోవడానికా?" అని ఎంతో మామూలుగా అడిగారు. ఒక ఆదివారం ఆవిడ ఇడ్లీలు తీసి నాకు రేకులు కడగడానికి ఇచ్చారు. చిల్లుల్లో ఇరుక్కున్న పిండిని పుల్లతో పొడిచి తీస్తూ ఉంటే చేతిలోని పుల్ల ఆగిపోయింది. గుంటలో తిండి, అడుగున చిల్లులు. రెండు రేకులు ఎదురెదురుగా బిగిస్తే లోపలున్న దాన్ని చిల్లుల్లోంచి కొంచెం కొంచెంగా పీక్కు తినాలి. మర్నాడు పొద్దున అత్తయ్యగారు పూజలో ఉండగా పైనున్న రెండు రేకులూ తీసి సంచిలో వేసుకున్నాను.

బూట్లావిడ వాటిని తిప్పి తిప్పి చూసి మురిసిపోయింది. తర్వాత గోటితో టింగుమని కొట్టింది. "మెటల్?" అంది. మంచి స్టీలు, మా అత్తగారిది అన్నాను. ఎవరిదైనా సరే, ఉప్పునీళ్లలో లోహం దింపకూడదంది. తుప్పు పడితే నీళ్లు చెడతాయట. రేకులు తడైనా కాకుండా తిరిగి ఇల్లు చేరాయి. కానీ అప్పటికే అత్తయ్యగారు వంటింట్లో స్టాండు ముందు నిలబడి ఉన్నారు.

"నాలుగంతస్తుల మేడ రెండంతస్తులైందేమిటమ్మాయ్?"

"ఆఫీసుకి తీసుకెళ్లానండి."

"ఆఫీసులో ఇడ్లీలు వేస్తారా?"

"ఇడ్లీలు కాదండీ, చేపకి..." అని సంగతంతా చెప్పేశాను. పెళ్లికొడుకూ, గోడ వెంట తిరగడం, వెనక గదిలోని తొట్టి, అన్నీ. ఆవిడ రేకులు తీసుకుని చింతపండుతో ఒకసారి, సబ్బుతో ఒకసారి, మళ్లీ చింతపండుతో ఒకసారి తోమారు. నీళ్లలో దించలేదండీ అని నేను వెనక నిలబడి చెబుతూనే ఉన్నాను. తోమడం అయ్యాక చేతులు తుడుచుకుని, స్టూలు వేసుకుని, పై అరలో వెనక్కి తోసేసి ఉన్న నా ప్లాస్టిక్ స్టాండు దించి నా చేతిలో పెట్టారు. "ఇది పట్టుకుపో. మనుషులు తినే ఇడ్లీలు దీనిలో ఎలాగూ రావు. పాపం ఆ పిల్లాడన్నా తింటాడు."

అక్వేరియం వంటగదిలో రొయ్యలు, కొంచెం పాలకూర కలిపి రుబ్బి, జెలటిన్ వేసి, రేకుల్లో పోసి ఫ్రిజ్‌లో పెట్టాను. అత్తయ్యగారు చూస్తే కళ్లు తిరిగేవి గానీ, అచ్చం ఇడ్లీల్లాగే గుండ్రంగా, మెత్తగా వచ్చాయి. (నేను జీవితంలో చేసిన మొట్టమొదటి మెత్తని ఇడ్లీలు అవే.) రెండు రేకులు కలిపి, వైర్లు కట్టే ప్లాస్టిక్ టైలతో బిగించాం. శనివారం దించుదామంది బూట్లావిడ. ఆ ముక్క ఇంట్లో చెప్పడం నా పొరపాటు. శనివారం పదింటికల్లా మావారు, పట్టుచీర మీద స్వెట్టరు వేసుకున్న అత్తయ్యగారు గాజు ముందు మొదటి వరసలో ఉన్నారు. వాళ్ల చుట్టూ బోలెడంతమంది పిల్లలు.

పెళ్లికొడుకు వచ్చాడు. రేకుల చుట్టూ ఒక ప్రదక్షిణ చేశాడు. చిల్లుల వైపు చూడనైనా చూడలేదు. తిన్నగా వెళ్లి టైని పళ్లతో పట్టుకుని టక్కున కొరికేశాడు. రెండోది కొరికాడు. రేకులు పుస్తకంలా తెరుచుకున్నాయి. అతను ఒక ఇడ్లీ మొత్తం నోట కరుచుకుని, సగం లోపల సగం బయటగా ఆ మూలకీ ఈ మూలకీ ఊరేగడం మొదలుపెట్టాడు. పిల్లలంతా చప్పట్లు కొట్టారు. నేను నిచ్చెన మీద, మోచేతుల దాకా తడిసిపోయి, భూమి చీలితే బాగుండునని చూస్తున్నాను. అత్తయ్యగారు మాత్రం పెళ్లికొడుకునే చూస్తూ, పక్కనున్న కొడుకుని మోచేత్తో తట్టి అన్నారు, "చూడు, నువ్వూ ఇంతేరా చిన్నప్పుడు. తుంచుకుని తినడం నేర్పేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది." మావారు తొట్టి పక్కనున్న బోర్డుని చాలా శ్రద్ధగా చదువుకున్నారు.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చేదాకా ఇక ఆ చేపను వెనక గదికి పంపేస్తారని ఒకటే బెంగ. రాత్రి అన్నాల దగ్గర అత్తయ్యగారు, "ఒక్క రోజుకే నేర్చుకుంటే వాడు చేపెందుకవుతాడు, మీ ఆయనెందుకవుతాడు? రేపు ఇంకాస్త గట్టిగా కట్టు" అన్నారు. మావారు పప్పు వడ్డించుకుంటూ, "నేనెందుకు మధ్యలో?" అన్నారు.

గట్టిగానే కట్టాను. కానీ ఆ రోజు హడావిడిలో రేకులు ఒత్తి బిగించడంతో లోపలున్న పిండి చిల్లుల్లోంచి సేమ్యాల్లా బయటికి పొడుచుకొచ్చింది. తుడిచేద్దామనుకునే లోపే రేకుల జత చేజారి తొట్టిలో పడింది. పెళ్లికొడుకు వచ్చి, బయటికి కనిపిస్తున్న ఆ పోగుల్లో ఒకదాన్ని పీకాడు. అది తెగి నోట్లోకి వచ్చింది. ఇంకొకటి పీకాడు. బయట ఉన్నవి అయిపోయాక ఆగి, చిల్లులోకి ఒక కన్ను పెట్టి చూశాడు. అప్పుడు వెలిగింది నాకు. ఎంఎస్సీ వాళ్లకి తప్ప ఇంకెవరికీ అర్థం కాని పైపు పెట్టి నేను అతన్ని పరీక్ష రాయమన్నాను, అసలు పాఠమే చెప్పకుండా. ఆ తర్వాత రోజూ కొంచెం కొంచెంగా కష్టం పెంచాం. పోగులు తగ్గించాం. గుల్లల్ని ఇసుకలో సగం పైకి కనిపించేలా పెట్టాం, తర్వాత అంచు మాత్రం కనిపించేలా, తర్వాత పూర్తిగా పూడ్చి. చోట్లు మార్చాం. గోడ వెంట తిరగడం ఎప్పుడు తగ్గిందో సరిగ్గా చెప్పలేను. ఒకరోజు చూస్తే గొట్టాల మీద కొత్త పళ్ల గాట్లు లేవు. పక్క చేపకి తోక మళ్లీ పెరుగుతోంది. ఇంటికి రాగానే అత్తయ్యగారు కాఫీ గ్లాసు చేతికిస్తూ, "తిన్నాడా?" అనేవారు. తిన్నాడండీ అంటే, "వెతుక్కునేనా?" అని రెండో ప్రశ్న. చేప పేరు ఎత్తితేనే ముక్కు మూసుకునే మనిషి.

ఆవిడ తిరుగు ప్రయాణానికి కొద్దిరోజుల ముందు, జనం లేని ఒక మంగళవారం పొద్దున, నేను గాజు తుడుస్తున్నాను. ఆ రోజు ఇంకా తిండి పెట్టలేదు. గుల్లలు పూడ్చలేదు. పెళ్లికొడుకు తొట్టి వెనక మూలకి, మేం ఎప్పుడూ ఏమీ పెట్టని మూలకి, ఒక్కడే వెళ్లాడు. తల కిందికి వంచి, ఒళ్లంతా నిలువుగా చేసి, ఆ పసుపుపచ్చ పెదాలతో బుస్సుమని ఇసుకలోకి నీళ్లు ఊదాడు. ఇసుక మబ్బులా లేచింది. అది సర్దుకునే దాకా ఆగి, ఏర్పడిన గుంటలోకి చూశాడు. ఏమీ లేదు. కొంచెం పక్కకి జరిగి మళ్లీ ఊదాడు. ఎవరూ నేర్పలేదు అతనికి అది. చిన్న తొట్టిలో అన్నేళ్లు పెరిగినా ఒంట్లో ఎక్కడో దాక్కుని ఉన్నట్టుంది. నేను చేతిలో గుడ్డతో అలా నిలబడిపోయాను. బూట్లావిడ ఎప్పుడు వచ్చిందో నా వెనకే ఉంది. కాసేపటికి ఆవిడ తన జేబులోంచి టిష్యూ తీసి ఒకటి నాకిచ్చి, ఒకటి తను ఉంచుకుంది.

చాలా ఏళ్లయింది. పెళ్లికొడుకు ఇంకా పెద్ద తొట్టి ఉన్న చోటికి వెళ్లాడు. నాకు వర్క్ పర్మిట్ వచ్చింది, లాస్ కోలినాస్‌లో ఒక ఆఫీసులో కుర్చీ వచ్చింది, హైవే మీద నన్ను చూసి హారన్ కొట్టేవాళ్లు తగ్గారు. అప్పటి నన్ను తలుచుకుంటే ఎక్కువగా గుర్తొచ్చేది ఒక చిన్న సంగతి. పెళ్లికొడుకు రేకులతో తంటాలు పడుతున్న తొలి రోజుల్లో, ఒక ఆరేళ్ల అమెరికన్ పిల్ల నా తడి చొక్కా లాగి, వాడికి అంత ఆకలిగా ఉంటే నువ్వే తీసి ఇచ్చేయొచ్చు కదా అని అడిగింది. అంత సూటి ప్రశ్నకి సరిపడే ఇంగ్లీషు నా దగ్గర లేదు. కంగారులో, "ఉండమ్మా, వెతుక్కోనీ" అని తెలుగులో అనేశాను. ఆ పిల్ల అర్థమైనట్టే తలూపి, గాజుకి ముక్కు ఆనించి నా పక్కన నిలబడింది. ఇప్పుడు నా ఇంగ్లీషు బాగుపడింది, మీటింగుల్లో ఎక్కడా తడుముకోను. అయినా ఆ పిల్ల మళ్లీ వచ్చి అదే ప్రశ్న అడిగితే, ఇంతకంటే మంచి జవాబు చెప్పగలనని మాత్రం అనుకోను.