బుద్రి అవ్వ కూకోమన్న రాయి

మా అమ్మాయి పద్మ పోయి మూడేళ్ళయింది. ఇంటర్ చదువుతుండగా జ్వరం తీసుకుపోయింది. అది చదువుకునే నీలం కుర్చీలో అప్పట్నుంచి ఎవర్నీ కూర్చోనివ్వలేదు, వాళ్ళ నాన్నని కూడా. పోయినవాళ్ళని ఎవరెలా తలచుకుంటారో డాక్యుమెంటరీ తీస్తున్న నీలిమ అనే అమ్మాయి ఎస్.కోటలో మా ఇంటికొచ్చి, తెలియక ఆ కుర్చీలోనే కూర్చోబోయింది. "అక్కడొద్దమ్మా!" అని అరిచేశాను. ఆ పిల్ల ఏమీ అనుకోలేదు. "రేపు అరకు దగ్గర షూటింగుంది, నాతో వస్తారా అమ్మా?" అంది. వస్తాను గానీ కెమెరా ముందు నోరు విప్పనన్నాను.

మర్నాడు పొద్దున్న ఎనిమిది దాటాక కిరండూల్ రైలెక్కి, జనరల్ బోగీలో కుడివైపు కిటికీ పట్టుకున్నాం. లోయలన్నీ అటే కనిపిస్తాయి. సొరంగం వచ్చినప్పుడల్లా కాలేజీ పిల్లలు కేకలు పెడుతున్నారు. మూడో సొరంగానికి నేనూ ఒక కేక వేశాను. పదకొండుకి అరకులో దిగి, సాయంత్రం వరకూ తిప్పేలా పన్నెండు వందలకి ఆటో మాట్లాడుకున్నాం. డ్రైవరు కెమెరా చూశాడు.

"ఏటి పిన్నీ, హీరోయిన్ నువ్వేనా?"

"నానే. హీరో కోసం ఎతుకుతున్నారు, నువ్వొత్తావా?"

దారంతా నవ్వుతూనే ఉన్నాడు.

మేం దిగినది గదబ గిరిజనుల ఊళ్ళో. పోయినవాళ్ళ పేరున ఊరి నడుమ రాళ్ళు వేశారు. కొన్ని నిలబెట్టినవి, కొన్ని అరుగుల్లా పరిచినవి. నేను చెప్పులు విడిచి, దణ్ణం పెట్టి దూరంగా నిలబడ్డాను. చూస్తే వాటిమీదే కూర్చుని ముసలాళ్ళు చుట్టలు కాలుస్తున్నారు! ఒక రాతి మీద బుద్రి అనే అవ్వ బఠాణీలు ఒలుస్తోంది.

"నిలబడ్డావేటి? కూకో."

"ఎవరి పేరున వేశారో, తప్పు కదా అవ్వా?"

"ఎవరో ఏటి, నా కొడుకే. కూకోడానికే ఏసినాం. ఎవులూ కూకోకపోతే ఆడికి ఊరి కబుర్లు ఎలాగ తెలుత్తాయి?"

కూర్చున్నాను. డిసెంబరు చలిలో ఎండకి ఆ రాయి వెచ్చగా ఉంది. అవ్వ నా ఒళ్ళో ఇన్ని కాయలు పోసింది. "ఊరికే కూకుంటావేటి? ఒలువు."

ఒలుస్తూ ఒలుస్తూ, "మా పద్మకి ఈ పని చెబితే సగం గింజలు నోట్లోనే ఏసీసీది" అన్నాను. మూడేళ్ళుగా నా నాలుక మీదకి రాని పేరు అది. "దొంగ గుంట!" అని అవ్వ పడిపడి నవ్వింది. నాకూ నవ్వాగలేదు. కళ్ళు తుడుచుకుని చూస్తే నీలిమ కెమెరా వెనకాల ఉంది. ఆ ముక్క తీసెయ్యమని నేను అనలేదు.

నాలుగింటి బస్సులో కొండ దిగి ఇల్లు చేరేసరికి దీపాలు పెట్టేశారు. తలచుకోవడమంటే ఎవర్నీ ముట్టుకోనివ్వకుండా దాచుకోవడమే అనుకున్నాను ఇన్నాళ్ళూ. మంచినీళ్ళకని లోపలికొచ్చిన నీలిమకి ఆ నీలం కుర్చీ తుడిచి వేశాను. "కూర్చో. అరకు కబుర్లన్నీ నువ్వే చెప్పు, మా పద్మ వింటాది" అన్నాను.

అటు వెళ్ళేవాళ్ళకి ఒక్క మాట. ఆ ఊళ్ళలో పెద్దవాళ్ళు రాతి మీద కూర్చోమంటే నాలాగా నిలబడిపోకండి. కూర్చోండి. మహా అయితే బఠాణీలు ఒలవాల్సి వస్తుంది.