బాబాయిగారికి పుస్తకం వెతికిన రోజులు

మొన్నామధ్య తాడేపల్లిగూడెంలో మా చెల్లెలి ఇంటికి వెళ్దామని ఏలూరు స్టేషనులో పాసింజరు బండి కోసం కూర్చుని ఉంటే, నా పక్కనున్న ఒక అమ్మాయి చదవడానికి ఏదైనా దొరుకుతుందేమోనని ఫోనులో పుస్తకాల బొమ్మల్ని వేలితో పైకి తోస్తూ, మళ్లీ తోస్తూ, బండి వచ్చేదాకా ఒక్కదాని దగ్గరా నిలవకుండా, చివరికి విసుక్కుని ఫోను సంచిలో పడేసింది. చేతిలో అన్ని పుస్తకాలుండీ ఏ ఒక్కటీ దొరకని ఆ పిల్లను చూస్తే నాకు జాలేసింది. ఎందుకంటే ఉద్యోగమున్నన్నాళ్లూ నేను చేసిన పనల్లా అదే, మనిషికీ పుస్తకానికీ సంబంధం కుదర్చడం. బండి కదిలి, భీమడోలు దాటాక కిటికీలోంచి చేపల చెరువులు ఎండకు మెరుస్తూ వెనక్కి పోతుంటే, ఎన్నడో పెదపాడు అవతల పనిచేసిన రోజులూ, అక్కడి ఒక బాబాయిగారూ గుర్తుకొచ్చి, దిగాల్సిన స్టేషను వచ్చేదాకా ఆ ఆలోచనల్లోనే ఉండిపోయాను.

నేను లైబ్రరీ పనిలో చేరింది ఏలూరులోనే, ఇంకా పెళ్లి కాని రోజుల్లో. అక్కడ మా పైఅధికారి ఒకాయన ఉండేవారు. పొడుగాటి మనిషి, మాట మెత్తన, పొడుం అలవాటు. చేరిన కొత్తలో నేను వచ్చినవాళ్లందరినీ ఏ పుస్తకం కావాలండీ అని అడుగుతుంటే, ఆయన ఒకరోజు నన్ను బీరువాల వెనక్కి పిలిచి మెల్లిగా చెప్పారు.

“అలా అడక్కమ్మా. ఏది కావాలో తెలిస్తే వాళ్లే తీసుకుంటారు. ఈమధ్య దేన్ని వదల్లేక చదివారండీ అని అడుగు. అదీ చెప్పలేకపోతే ఏది సగంలో పారేశారో అడుగు. నచ్చనిదాని గురించైతే జనం బాగా చెబుతారు.”

ఆ మాట ఎంత నిజమో మీలో లైబ్రరీ మొహం ఎరిగినవాళ్లకి నేను చెప్పక్కర్లేదు. తివాచీలు నేసే ఒకాయన వచ్చి అపరాధ పరిశోధన నవలలన్నీ ఒకేలా ఉంటున్నాయని సణిగితే, మా పెద్దాయన ఓపిగ్గా వినీ వినీ, ఉమ్మడి కుటుంబంలో తోడికోడళ్ల తగవుల నవలొకటి తీసి ఇచ్చారు. ఆ మనిషి మర్నాడే దాని రెండో భాగం కోసం పరుగెత్తుకొచ్చాడు. హంతకుడు ఎవరన్నది కాదమ్మా ఆయనకి కావలసింది, ఇంట్లో ఎవరు ఎవరితో ఎందుకు మాట్లాడటం మానేశారన్నది, అని పెద్దాయన నవ్వారు.

తరువాత నన్ను పెదపాడు అవతల, కొల్లేరు దిక్కున ఉన్న ఒక ఊరి శాఖా గ్రంథాలయానికి వేశారు. పంచాయతీ ఆఫీసు వెనకాల ఒక పెంకుటింటి గది, రెండు బల్లలు, నాలుగైదు బీరువాలు. వానాకాలం వస్తే పుస్తకాలు చెమ్మకి ఉబ్బి బీరువా తలుపులు పడేవి కావు. ఏలూరు నుంచి పొద్దున బస్సులో వెళ్లి సాయంత్రం బస్సుకి వచ్చేసేదాన్ని. పొద్దునపూట మగవాళ్లు పేపరు కోసం వచ్చేవారు, మధ్యాహ్నం అన్నాలయ్యాక ఆడవాళ్లు నవలల కోసం. ఆ ఆడవాళ్లలో ఒక పిన్నిగారు ఉండేవారు. పుస్తకం తెరవగానే ముందు వాసన చూసి, తరువాత చివరి పేజీ వైపు పోకుండా తన చెయ్యి తానే పట్టుకునేవారు. ఆవిడ లోపల పుస్తకాలు చూసుకుంటున్నంతసేపూ వాళ్లాయన గుమ్మం బయట సైకిలు పట్టుకుని నిలబడేవారే గానీ, లోపలికి రండి బాబాయిగారూ అని ఎన్నిసార్లు పిలిచినా, మాకెందుకండీ అని నవ్వేసేవారు. పగలు తాను చదివిన కథని రాత్రి అన్నం వడ్డిస్తూ ఆయనకి చెబుతానని, మంచి ఘట్టంలో ఆయన కలిపిన ముద్ద చేతిలోనే ఉండిపోతుందని పిన్నిగారు నాతో అని మురిసిపోయేవారు. వాళ్లకి పిల్లల్లేరు.

ఒక వానాకాలం ఆవిడ జ్వరంతో పోయారు. అప్పటికే చుట్టుపక్కల పొలాలన్నీ ఒక్కొక్కటీ చేపల చెరువులైపోయి, నడిమధ్య మిగిలిన చేలో ఊట నీరు నిలిచి వరి కుళ్లిపోతుంటే, బాబాయిగారు కూడా గత్యంతరం లేక తన చేను చెరువుకి లీజుకిచ్చేశారు. అంటే ఆ మనిషికి పొద్దున లేస్తే వెళ్లడానికి పొలం లేదు, సాయంత్రం వస్తే మాట్లాడటానికి మనిషి లేదు. అన్నం కూడా సరిగ్గా తినడం లేదని పక్కింటివాళ్లు నాతో అన్నారు.

కర్మలు అయిన కొన్నాళ్లకి ఆయన మొదటిసారి మా గుమ్మం దాటి లోపలికొచ్చారు. తువ్వాలులో చుట్టిన పుస్తకం బల్లమీద పెట్టారు.

“అమ్మాయిగారూ, మా ఆవిడ తీసుకెళ్లిందండి ఇది. గడువు దాటిపోయిందేమోనండి.”

పరవాలేదని పుస్తకం తీసుకున్నాను. ఆయన వెళ్లకుండా బల్ల దగ్గరే నిలబడి అడిగారు.

“సగందాకానే చెప్పిందండి. ఇందులో ఆ పిల్ల తిరిగి ఇంటికి చేరుద్దాండీ?”

ఆ నవల నేను చదివిందే. చెప్పేద్దామని నోటిదాకా వచ్చింది గానీ, ఒక్క మాటలో చెప్పేస్తే ఈయన ఆ మాట పట్టుకుని వెళ్లిపోయి మళ్లీ ఎప్పటికీ రారనిపించి, పుస్తకాన్ని తిరిగి ఆయన చేతిలోనే పెట్టాను.

“మీరే చదివి నాకు చెప్పండి బాబాయిగారూ.”

“నాది అయిదో క్లాసు చదువండి. పేపర్లో ధాన్యం రేట్లు చూడ్డం వరకేనండి.”

“ఇందులో ఉన్నవీ ఆ అక్షరాలేనండీ.”

ఎంత నెమ్మదిగా చదివారో గానీ, వానలు వెనకబట్టాక ఒకనాడు వచ్చారు. మొహంలో దుఃఖం కంటే కోపం ఎక్కువ కనిపించింది.

“చేరిందండి. అదేం చేరడమండీ? తల్లి తలుపు తీసిందని ఆపేశాడండి. ఏవందో, అన్నం పెట్టిందో లేదో రాయొద్దాండీ? మా ఆవిడైతే ఎప్పుడూ అలా వదిలేసేది కాదండి.”

అప్పటికి నాకు సంగతి బోధపడలేదు. ఊళ్లో పెద్దవాళ్లంతా చెబుతున్నారు కదా అని ఒక వేదాంత గ్రంథం ఇస్తే మర్యాదగా తిరిగి తెచ్చారు. ఆవిడ ఇష్టపడ్డ నవలలు ఇంకో రెండు ఇచ్చాను. వాటినీ తెచ్చి పెట్టి, ఇందులో ఆ పెళ్లివిందు లేదేంటండీ, ఆ ముసలావిడ సంధించిన సామెతలేవండీ అని తికమకపడ్డారు. అప్పుడు అర్థమైంది, పిన్నిగారు ఇన్నేళ్లూ చదివిన కథని చదివినట్టు చెప్పలేదని, రచయిత వదిలేసిన విందులు తాను వండి వడ్డించి, విడిపోయినవాళ్లని తాను కలిపి చెప్పారని. బాబాయిగారికి ఆ పుస్తకాలన్నీ ఆవిడ లేని ఇల్లులాగే ఉన్నాయి. ఇంకో నవల ఇస్తే ఇంకో దెబ్బ తగిలినట్టే.

ఇక పుస్తకం ఇవ్వడం మానేసి, మా పెద్దాయన చెప్పిన పద్ధతిలో అడిగాను. పిన్నిగారు చెప్పేటప్పుడు మీకు ఎక్కడైనా విసుగు పుట్టేదా అని. పిన్నిగారు పోయాక ఆయన మొదటిసారి కొంచెం నవ్వారు.

“పడవల దగ్గరండి. కథలో ఎవరైనా నీళ్లు దాటితే, ఏ పడవ, గాలెటు, తెరచాప ఉందా, ఇవేం చెప్పేది కాదండి. అడిగితే, పడవకేంటి, నడిచింది, ముందు వాళ్లేమనుకున్నారో వినండి అనేదండి.”

నేను లేచి వెళ్లి అడుగు అరలో ఎవరూ అడిగి తీసుకెళ్లని ఒక సముద్రయానం పుస్తకం దులిపి తెచ్చాను. అందులో మనుషులు మాట్లాడుకునేది తక్కువ, గాలులూ కెరటాలూ తాళ్ల ముళ్లూ ఎక్కువ. పిన్నిగారైతే పది పేజీలు కూడా చదవని పుస్తకం అది. బాబాయిగారు దాన్ని తన చెరువు గట్టుమీద, కాపలావాళ్ల పాకలో కూర్చుని, గీత కింద వేలు పెట్టి చదవడం మొదలెట్టారు. కొల్లేటి గాలికి పేజీలు ఎగురుతుంటే తాటాకు ముక్క అడ్డం పెట్టుకునేవారట. కాపలావాళ్లు ఏంటండీ చదువుతున్నారని అడిగితే చెప్పారు. మర్నాడు మిగతాది అడిగితే మిగతాదీ చెప్పారు. చేపలకి మేత వేసేవాళ్లు, వల లాగేవాళ్లు పని అయ్యాక ఆ పాక దగ్గర ఆగడం మొదలైంది. ఆ తరువాత ఆయన నెలనెలా వచ్చి, ఇంకో ప్రయాణం ఉందాండీ అని అడిగేవారు. ఎడారి ప్రయాణం ఇచ్చాను, మంచుకొండలు ఇచ్చాను. మనిషి ఒళ్లు చేశారు, మాట పెరిగింది.

ఒకరోజు చేపల పట్టుబడికి వెళ్లే ఒక మనిషి భార్య, కొత్తగా మెంబరైన మనిషి, బాబాయిగారు చెప్పిన ఆ ఓడ పుస్తకం కావాలని అడిగి పట్టుకెళ్లింది. వారం తిరక్కుండా తెచ్చి నా బల్లమీద పెట్టి అంది.

“ఏవండీ, ఇది కాదేమోనండి. ఓడవాళ్లు తుపానులో వంట చేసుకున్నది లేదు, ఓడ నడిపే ఆ సరంగు పెళ్లాన్ని తలుచుకుని ఏడ్చింది లేదు. ఇందులో అంత లేదండి.”

అదే పుస్తకమమ్మా అన్నాను. ఆవిడ వెళ్లాక ఆ పుస్తకం తెరిచి, పిన్నిగారిలాగే ముందు వాసన చూశాను.

తరువాత నాకు గణపవరం వైపు బదిలీ అయింది, పెళ్లయింది, జీవితం తన దారిన నడిచింది. బాబాయిగారు పోయారని చాలా ఏళ్లకు తెలిసింది. ఆ మధ్య ఆ ఊరి మీదుగా వెళ్తూ దిగి చూశాను. పెంకుటిల్లు పోయి మంచి డాబా కట్టారు, ఫ్యాన్లున్నాయి, కంప్యూటరుంది. గదినిండా కుర్రాళ్లూ ఆడపిల్లలూ పోటీ పరీక్షల పుస్తకాల మీద వంగి, చెవుల్లో ఏవో పెట్టుకుని కూర్చున్నారు. వాళ్లకి ఉద్యోగాలు రావాలి, రావాలనే నేనూ కోరుకుంటాను. కొత్త లైబ్రేరియన్ అమ్మాయి మర్యాద తెలిసిన పిల్ల, నవలలు ఇప్పుడెవరూ పెద్దగా అడగరండీ, తీసుకెళ్లినవి మాత్రం చెక్కుచెదరకుండా తిరిగొస్తాయండీ అని సంతోషంగా చెప్పింది. మంచిదేనమ్మా అన్నాను. మా రోజుల్లో అట్టలు ఊడేవి, పేజీల మీద కూర మరకలు పడేవి, అయినా తిరిగొచ్చేటప్పటికి ప్రతి పుస్తకమూ వెళ్లినప్పటికంటే కాస్త పెద్దదై వచ్చేది.