మూడోసారి అడిగితే చెప్తాను

ఆ రోజుల్లో నాకొక గట్టి నమ్మకం ఉండేది: మర్యాద తెలిసినవాళ్ళెవరూ మొదటిసారి అడగ్గానే సరే అనరని. అమెరికాలో కమ్మింగ్ అనే ఊళ్ళో, తెలుగువాళ్ళ మధ్య మేం పెరిగిన తీరే అలాంటిది. ఏ ఆంటీ ఇంటికి వెళ్ళినా, గారెలు చూసి నోరూరిపోతున్నా, "వద్దాంటీ, ఇప్పుడే తిన్నాను" అనాలి. రెండోసారీ అదే అనాలి. మూడోసారి ఆవిడ బలవంతంగా ప్లేట్‌లో వేశాక, అయ్యో అయ్యో అంటూ నాలుగు లాగించాలి. (తొందరపడి మొదటిసారే చెయ్యి చాపామా, కారెక్కాక అమ్మ చేతిలో అయిపోయేవాళ్ళం.) ఈ శిక్షణతోనే నేను లాస్ ఏంజెలెస్ వెళ్ళి, ఒక టీవీ కామెడీ షోకి జోకులు రాసే ఉద్యోగంలో చేరాను.

ఉద్యోగమంటే ఎనిమిది వారాల ట్రయల్. పెద్ద బల్ల చుట్టూ ఏడుగురం కూర్చుంటాం. స్క్రిప్ట్‌లో నవ్వు రాని చోట ఆగి తలా ఒక జోకు చెప్తారు, బాగున్నది ఉంచుతారు. మా బాస్‌కి నేను మనసులో పెట్టుకున్న పేరు పెద్దాయన. ఆయన చివర్లో నావైపు తిరిగి "ఎనీథింగ్?" అనేవాడు. నోట్‌బుక్‌లో మూడు జోకులు సిద్ధంగా ఉన్నా, నేను సిగ్గుపడుతూ "నో, నో" అనేదాన్ని. మళ్ళీ అడుగుతాడని ఎదురుచూసేదాన్ని. ఆయన పేజీ తిప్పేసేవాడు! ఏం మనుషులో, బొత్తిగా మర్యాద లేదని నొచ్చుకునేదాన్ని. అలా ఏడు వారాలు గడిచాక ఆయన నన్ను పిలిచి, ఈ పని నాకు పడటం లేదేమోనని, శుక్రవారం మాట్లాడుకుందామని అన్నాడు. ఆ మాటకి అర్థం నాకు తెలుసు.

అమ్మకి ఫోన్ చేసి ఏడ్చాను. అమ్మ అంతా విని, "సరేలేవే, ఏడవకు. చివరి రోజు ఉత్తచేతుల్తో వెళ్ళకు. పులిహోర కలిపి పట్టికెళ్ళి అందరికీ పెట్టు" అంది. (అమ్మ దృష్టిలో ఉద్యోగం పోవడానికైనా ఒక పద్ధతుంది.)

శుక్రవారం పులిహోర చూసి పెద్దాయన "నో, థాంక్స్. లంచ్ అయిపోయింది" అన్నాడు. కొంచెమే అన్నాను. "నో, రియల్లీ" అన్నాడు. నా కోసం అంటూ రెండు గరిటెలు ఆయన ప్లేట్‌లో వేసేశాను. ఆయన తెల్లబోయి, "రెండుసార్లు నో అన్నాను కదా!" అన్నాడు. "మావాళ్ళలో మొదటి రెండూ లెక్కలోకి రావండీ" అన్నాను ఇంగ్లీషులోనే. ఆయన నవ్వి, ఒక ముద్ద తిని, రెండో ముద్ద దగ్గర ఆగిపోయాడు. "ఉండు. మరి ఇన్ని వారాలూ నేనడిగితే నువ్వు నో అన్నది..." నేను తల వంచుకుని నోట్‌బుక్ ఆయన ముందుకి తోశాను. నిలబడే చదివాడు. మూడో పేజీలో గట్టిగా నవ్వాడు. ఆ తర్వాత నేను టీవీకీ సినిమాలకీ చాలా రాశాను, థియేటర్ల నిండా నవ్వులు విన్నాను, కానీ అంత తీయని నవ్వు మళ్ళీ వినలేదు. సోమవారం నుంచి ఆయన నన్ను ప్రతిసారీ మూడుసార్లు అడిగేవాడు, వేళ్ళు మడుస్తూ మరీ. ఆయనకేం అవసరం చెప్పండి? నా అన్నం ఆయన పెట్టిందే.

ఇప్పుడా పెద్దాయన కుర్చీలో నేను కూర్చుంటున్నాను. మొన్న చాండ్లర్ అనే ఊరి నుంచి వచ్చిన ఒక తెలుగమ్మాయి మాతో చేరింది. ఏమైనా ఉందా అని అడిగితే "లేదు" అంది. ఆ లేదు సంగతి నాకు తెలియదా! మళ్ళీ అడిగాను. మూడోసారి, నాలుగోసారి కూడా అడిగాను. పాపం, ఆ పిల్ల బెదిరిపోయి, "ఆంటీ, ఐ స్వేర్, నిజంగా ఏం లేదు. ఉంటే చెప్తా కదా!" అంది.

అందరితోపాటు నేనూ నవ్వాను. నోట్‌బుక్ నిండా జోకులు పెట్టుకుని, ఒడిలో దాచుకుని, రెండోసారి అడుగుతారని చూస్తూ కూర్చున్న ఒక పిచ్చిపిల్ల గుర్తొచ్చింది. అందుకే కాబోలు, ఇంకో నిమిషం ఆగితే గానీ పేజీ తిప్పలేకపోయాను.