డిటెక్టివు నవలకి మా అత్తగారు చెప్పిన ముగింపు

మా మామగారు రైల్వే ఆసుపత్రిలో కాంపౌండరుగా పనిచేసి రిటైరయ్యారు. ఆ సంగతి రాయపూర్ రైల్వే కాలనీలో ఆయనకి తప్ప అందరికీ తెలుసు. ఏ క్వార్టర్సులో పిల్లాడు దగ్గినా ఈయన గుమ్మంలో ప్రత్యక్షమై నాలిక చాపమనేవారు. ఏళ్ళ తరబడి సీసాల్లో మందులు కలిపిన చెయ్యి ఊరికే ఉండలేదు కదా. కలపడానికి మందులు లేక చివరికి డిటెక్టివు నవలల్లోకి దిగారు.

అందులోనూ ఆయనకి అన్నీ పనికిరావు. దొంగ గడ్డాలు, తుపాకులు, సొరంగ మార్గాలు ఉన్నవి ఆయన లెక్కలో పిల్లల పుస్తకాలు. డిటెక్టివు డాక్టరై ఉండాలి. శవం గోళ్ళ కింద మట్టి గీకి సూక్ష్మదర్శిని కింద పెట్టాలి. పంచె మీద మరక నెత్తురో తాంబూలమో తేల్చాలి. గ్లాసు అడుగున మిగిలిన పాలలో విషం ఉందో లేదో పరీక్ష చేసి చూపించాలి. ఆ పరీక్షలో ముందు పొయ్యాల్సిన ఆమ్లం రచయిత తర్వాత పోయించాడంటే ఆ పూట మామగారికి అన్నం సహించేది కాదు.

ఆ పుస్తకాలు తల్చుకుంటే నాకిప్పటికీ నవ్వొస్తుంది. కథ జరిగేది గోదావరి ఒడ్డున ఏదో పట్నంలో. కాని డాక్టరుగారు నడివేసవిలో కూడా పొడుగు కోటు విప్పరు, వీధి నిండా ఎప్పుడూ పొగమంచే. ఎక్కడిదో ఇంగ్లీషు కథ బెంగాలీలోకి దిగి, అక్కణ్ణుంచి మన దాకా వచ్చేలోపల ఆ కోటు విప్పించాలని ఎవరికీ తోచలేదు. పైగా ఆ డాక్టరుకి బతికున్న రోగి ఒక్కడూ ఉండడు. ఆయన చేతికి వచ్చేవాళ్ళంతా పోయాకే వస్తారు. "హస్తవాసి అలాంటిదేమో మామయ్యగారూ" అన్నానొకసారి. ఆ రోజంతా ఆయన నాతో ముక్తసరిగానే మాట్లాడారు.

రాయపూర్‌లో తెలుగు పుస్తకం దొరకదు. బజారులో హిందీ, పనిమనుషులతో ఛత్తీస్‌గఢీ, తెలుగు ఇంట్లోనే. అందుకని మా పుస్తకాలన్నీ రైలెక్కి వచ్చేవి. వాల్తేరులో ఎవరో కొంటారు. చదవడం అయ్యాక పాసింజరు గార్డు చేతికిస్తారు. ఆయన తన పెట్టెలో జెండాల పక్కన పడేసుకుని మాకిస్తాడు. మేము చదివి ధమ్‌తరీ వెళ్ళే చిన్నబండి మీద అభన్‌పూర్ స్టేషనులో ఉన్న తెలుగాయనకి పంపిస్తాం. అక్కణ్ణుంచి తిరిగొచ్చి ఇంకో ఇంటికి. ఇన్ని చేతులు మారిన పుస్తకానికి అట్ట నిలిచి ఉంటే గొప్పే.

మామగారి కళ్ళల్లో శుక్లాలు ముదిరాక చదివిపెట్టే పని నాకు పడింది. విజయనగరంలో ఎనిమిదో తరగతి దాకా చదువుకున్నాను. ఆ చదువు రైల్వే డ్యూటీ మీద ఊళ్ళు తిరిగే మా ఆయనకి ఉత్తరాలు రాయడానికి పనికొస్తుందనుకున్నాను గాని, మామగారికి శవపరీక్షలు చదవడానికి పనికొస్తుందని ఊహించలేదు.

అప్పుడు నేను కడుపుతో ఉన్నాను. అంతకుముందు ఒక కాన్పు జరిగింది, మా పుట్టింట్లో. మగపిల్లాడు పుట్టాడు, కాని ఏడవలేదు. నేను తిరిగి రాయపూర్ వచ్చిన రోజు మా అత్తగారు నన్ను ఒక్క మాటా అడగలేదు. తలకి నూనె పెట్టి, స్నానం చేయించి, పడుకోబెట్టారు. ఆ తర్వాత రెండోసారి నెల తప్పానని తెలిసినప్పుడు మాత్రం, "ఈసారి దీన్ని పంపను. నా కళ్ళెదర్నే అవ్వాల" అన్నారు. ఆచారం కాదని ఎవరెంత చెప్పినా వినలేదు. నన్ను పంపడం తన తప్పేనని ఆవిడ నమ్మకం. దానికి ఆధారమేమీ లేదు. అయినా ఆ దిగులు ఆవిణ్ణి లోపల్లోపల తినేసింది.

అలాంటి ఇంట్లో మధ్యాహ్నం భోజనాలయ్యాక నేను పెద్ద గొంతుతో, "శవం పెదవులు నీలంగా ఉన్నవి" అని చదువుతున్నాను. అత్తగారు వంటింట్లోంచి చేట పట్టుకునే వచ్చేశారు.

"కడుపుతోటున్న పిల్ల చేత చావుల పుస్తకం చదివిస్తారేటండీ? లోపల గుంటడు ఇంటాడు కాదా?"

"విననీవే" అన్నారు మామగారు, పడక్కుర్చీలోంచి కదలకుండా. "అభిమన్యుడు కడుపులోనే యుద్ధం నేర్చీసుకోలేదూ? నా మనవడు కెమిస్ట్రీ నేర్చుకుంటాడు. భూమ్మీద పడీసరికి సగం డాక్టరైపోతాడు."

కొరివితో తల గోక్కోవడమంటే అదేనని ఆయనకప్పుడు తెలియదు. చివరికి రాజీ కుదిరింది. పొద్దున్న సుందరకాండ, మధ్యాహ్నం హత్య. అత్తగారు మాత్రం హత్య విననని ఒట్టు పెట్టుకుని, తలుపు వెనకాల కూర్చుని బియ్యంలో రాళ్ళేరడం మొదలుపెట్టారు. అన్ని రాళ్ళున్న బియ్యం రాయపూర్‌లో ఏ కొట్టువాడూ అమ్మడు. ఓ రోజు నేను మంచినీళ్ళకని ఆగితే తలుపు వెనకనుంచి, "అయితే ఆ తమ్ముడు పాలగ్లాసు ముట్టుకోలేదంతాడేటి?" అన్న ప్రశ్న వచ్చింది. ఆ మర్నాటినుంచి చేట మా మధ్యకి వచ్చింది.

కథ ఇది. ఒక జమీందారు రాత్రి పాలు తాగి పడుకుని తెల్లారేసరికి చనిపోతాడు. ఇంట్లో తమ్ముడు, రెండో భార్య, వంటవాడు, తల్లి. పోలీసులు వంటవాణ్ణి పట్టుకుంటారు, ఏ నవలలోనైనా ముందు వాణ్ణే పట్టుకుంటారు. అప్పుడు డాక్టరు వచ్చి శవాన్ని కోయించి, జీర్ణాశయం సీసాలో పెట్టి సీలు వేయించి, తన గదిలో పరీక్ష చేస్తాడు. పింగాణీ పళ్ళెం మీద నల్లగా మెరుస్తూ ఒక మరక తేలుతుంది. "పాషాణం" అన్నారు మామగారు, నేను ఆ మాట చదవకముందే. ఆ రోజు ఆయన ఆనందం చెప్పలేను. ఉద్యోగంలో ఉండగా ఆయన మాట ఏ డాక్టరూ అడగలేదు, ఈ డాక్టరు మాత్రం సరిగ్గా ఆయన చెప్పినట్టే చేశాడు.

మా పనిమనిషికి అత్తగారు రోజూ అంట్ల దగ్గర కథ అప్పజెప్పేవారు, సగం హిందీ, సగం తెలుగు. పనిమనిషి ప్రతిరోజూ "కా హోగే, దాయీ?" అని ఆత్రంగా అడిగేది, ఏమైందమ్మా అని. ఆమె మొదటి రోజే తేల్చేసింది, ఇది టోన్హీ చేసిన పని అని. టోన్హీ అంటే వాళ్ళ ఊళ్ళలో చేతబడి చేసే ఆడదిట. టోన్హీకి పాషాణంతో పనేముందని మామగారు అడిగితే, పాపం పట్నం టోన్హీ అయ్యుంటుందని జవాబు చెప్పింది.

అలా ఆఖరి ఘట్టానికి వచ్చాం. డాక్టరు అందరినీ హాల్లో కూర్చోబెట్టి, కోటు గుండీలు పెట్టుకుని, "హంతకుడు ఈ గదిలోనే ఉన్నాడు" అన్నాడు. నేను పేజీ తిప్పాను. తర్వాత వెనక అట్ట ఒక్కటే ఉంది.

మామగారు పుస్తకం లాక్కుని వేళ్ళతో తడిమారు. కుట్టు దగ్గర చిరిగిన మొదళ్ళు తగిలాయి. ఆయన రచయితనీ, గార్డునీ, వాల్తేరునీ కలిపి తిట్టారు. అత్తగారు రాళ్ళేరడం ఆపేశారు. చేట కింద పెట్టారు. ముఖం పాలిపోయింది.

"అభిమన్యుడికీ ఇలగే అయింది" అన్నారు మెల్లిగా. "లోపలికెళ్ళడం ఇన్నాడు. బయటికి రావడం ఇనలేదు."

మామగారు నవ్వబోయి, ఆవిడ ముఖం కేసి చూసి మానేశారు. చూపు ఆనకపోయినా గొంతులో వణుకు ఆయనకి తెలిసింది. నాకూ నవ్వు రాలేదు. నా కడుపులో బిడ్డ ఆ క్షణంలోనే కదిలింది. చదువుకున్నదాన్నే, ఇదంతా చాదస్తమని తెలిసినదాన్నే, అయినా భయం వేసింది.

అంతవరకు ఆ పుస్తకం ఇంట్లో ఉండకూడదన్న మనిషి, ఆ రోజునుంచి దాని తోక కోసం కాలనీ అంతా గాలించడం మొదలుపెట్టారు. అభన్‌పూర్‌కి కబురు వెళ్ళింది. మేమింకా వాళ్ళకి పంపలేదు కదా, ఆ కాగితాలు వాళ్ళ దగ్గరెలా ఉంటాయని నేనంటే, "అడిగితే పోయేదేటి" అన్నారు. గార్డుని ప్లాట్‌ఫారం మీదే పట్టుకుని నిలదీశారు. "మా కోడలికి నెలలు నిండుతున్నాయి, హంతకుడెవడో జల్దీ తెలియాల" అంటే, పాపం ఆయన ఏం అర్థం చేసుకున్నాడో గాని, వాల్తేరులో కనుక్కుంటానని చెప్పి కదిలే బండెక్కేశాడు. పండగలకి ఉపవాసాలుండే మనిషి, డిటెక్టివు నవల కోసం శనివారం కూడా ఒక పూట మానేశారు.

కబురు రాలేదు. నా కాళ్ళు వాచాయి. అత్తగారికి అన్నం దిగడం లేదు. ఓ మధ్యాహ్నం మామగారు ఉండబట్టలేక, "ఒసే, పుస్తకం లేకపోతే ఏం? శాస్త్రం నాకు తెలుసు. మిగతాది నేను చెప్తాను, అమ్మాయి వింటుంది, లోపలివాడూ వింటాడు" అన్నారు. అత్తగారు నా పక్కన చాప మీద కూర్చున్నారు.

మామగారు గొంతు సవరించుకున్నారు. హంతకుడు తమ్ముడు. వాడి గోళ్ళ సందున పాషాణం పొడి దొరికింది. విచారణ జరిగింది, ఉరి తీశారు.

"ఉరేటండీ" అన్నారు అత్తగారు. "గుంటడికి ఉరి వినిపిస్తారా? వద్దు."

మామగారు తగ్గారు. తమ్ముడు పశ్చాత్తాపపడి కాశీ వెళ్ళిపోయాడు. వంటవాణ్ణి వదిలేశారు. అందరూ సుఖంగా ఉన్నారు.

అత్తగారు వేళ్ళు మడిచి ఒక్కొక్కళ్ళనీ లెక్కపెట్టుకున్నారు. "అంతా బాగుంది. మరి ఆ పోయినాడి సంగతేటి? ముసిల్ది, వాడి తల్లి, దానికేటి చెప్పారు?"

అన్ని నవలలు చదివాను, ఆ ప్రశ్న ఏ డాక్టరూ వెయ్యగా చూడలేదు. హంతకుడు దొరికితే చాలు, పుస్తకం అయిపోతుంది. పోయినవాడు మొదటి పేజీలోనే పోయాడు కాబట్టి వాడి గురించి ఎవరికీ పట్టదు.

"వాడు చావలేదు" అన్నారు అత్తగారు. "మందు మత్తులో ఉన్నాడు. డాక్టరుగారు నాడి చూసి కనిపెట్టీసారు. లేచి కూకున్నాడు. తల్లి అన్నం పెట్టింది. ఖతం."

శాస్త్రం అంటే ప్రాణం ఇచ్చే మనిషి ఎదట అన్న మాట అది. మామగారు కుర్చీలో ముందుకి వంగారు. "ఏమే, కడుపు కోసి సీసాలో పెట్టి సీలు వేశాక ఎలా లేస్తాడే?"

"కుట్టీస్తారు."

"లోపలిది బయటుంటే ఏం కుడతారు?"

"అదీ పెట్టీసి కుడతారు" అన్నారు అత్తగారు. తర్వాత ఆయన కేసి తిరిగి, "మీరు అన్నేళ్ళు ఆసుపత్రిలో ఉన్నారు కదండీ. ఎప్పుడూ చూడలేదా?" అన్నారు.

నేను చాప మీద గీతలు చూస్తూ కూర్చున్నాను. ఆవిడ అడుగుతున్నది జమీందారు గురించి కాదని మా ముగ్గురికీ తెలుసు.

ఆమ్లం వరస తప్పితే అన్నం మానేసే మామగారు కుర్చీలో వెనక్కి వాలారు. "చూశానే" అన్నారు. "మన ఆసుపత్రిలోనే. కుట్టేశాక లేచి మంచినీళ్ళు అడిగాడు. బాగా గుర్తుంది."

అత్తగారు నా కడుపు మీద చెయ్యి వేసి, ఆ ముగింపు మొదటినుంచి చివరిదాకా నెమ్మదిగా మళ్ళీ చెప్పారు. ఆ రాత్రి అన్నం తిన్నారు.

నాకు ఆడపిల్ల పుట్టింది. పుడుతూనే ఏడ్చింది. ఆ ఏడుపు విని గది బయట అత్తగారు గోడకి ఆనుకుని కింద కూర్చుండిపోయారట. మనవడు కాదు కదా, మరి కెమిస్ట్రీ ఏమవుతుందని ఎవరో వేళాకోళం చేస్తే మామగారు, ఆడపిల్లైతే పరీక్షలు ఇంకా జాగ్రత్తగా చేస్తుందని చెప్పారు.

పురుడు వెళ్ళాక ఓ పొద్దున్న గార్డు స్టేషన్నుంచి తిన్నగా మా ఇంటికొచ్చాడు. వాల్తేరులో మంచం కింద దొరికాయని చెప్పి మడత పెట్టిన కాగితాలు మామగారి చేతిలో పెట్టాడు. ఆఖరి అధ్యాయం, పూర్తిగా ఉంది. మామగారు వాటిని వాసన చూశారు, బొటనవేలితో అంచు తడిమి ఎన్ని కాగితాలున్నాయో అంచనా వేశారు. ఆయన ఎంత ఎదురుచూశారో నాకు తెలుసు.

"చదవనా మామయ్యగారూ?" అన్నాను.

పెరట్లో అత్తగారు కాళ్ళు చాపుకుని, వాటి మీద పిల్లని బోర్లా వేసుకుని నూనె రాస్తున్నారు. ఏదో కబుర్లు చెబుతున్నారు. పక్కన రైలుబొగ్గు పొయ్యి రాజుకోక పొగ చిమ్ముతోంది, దాని మీద నీళ్ళ కాగు.

"వద్దమ్మా" అన్నారు మామగారు. "చదివితే వాడు మళ్ళీ చచ్చిపోతాడు."

లేచి, గోడ పట్టుకుని నడుచుకుంటూ పెరట్లోకి వెళ్ళి, ఒక్కో కాగితమే పొయ్యిలో పెట్టారు.