ఏడుపు సీనూ, నా రంగు చీటీల ప్రణాళికా

ప్రతి కష్టానికీ ఒక పసుపు చీటీ ఉంటుందని, దాని పక్కన సరైన నీలం చీటీ అంటిస్తే ఆ కష్టం తీరిపోతుందని నేను మనస్ఫూర్తిగా నమ్మిన రోజులవి. అప్పుడే ప్రజారోగ్యంలో పీజీ పూర్తిచేసి, కాకినాడ నుంచి వచ్చి, జూబ్లీహిల్స్‌లో ఒక చిన్న సంస్థలో చేరాను. ఉద్యోగం జూబ్లీహిల్స్‌లో, మకాం కృష్ణానగర్‌లో. (నా జీతానికి కొండ మీద పనిచేసి కొండ కింద పడుకోవడమే గతి.) ఇంటి దగ్గరికే వెళ్ళి బీపీ చూసి, మాత్రలు చేతికిచ్చి, వేసుకుంటున్నారా లేదా అని మళ్ళీ మళ్ళీ కనుక్కుంటూ ఉంటే బీపీ అదుపులోకి వస్తుందని వేరే చోట్ల పరిశోధనల్లో తేలింది. ఆ పద్ధతిని కృష్ణానగర్ సినిమా జనంలో ఎలా అమలు చేయాలో ప్రణాళిక వేయడం నా పని. పనిచేస్తుందని రుజువైన మందే కదా, జనం చేత మింగించడం ఎంతసేపు అనుకునేదాన్ని.

మా బాసుని చాటుగా గోడ మేడమ్ అనేవాళ్ళం, ఎందుకంటే గోడకి అంటించని మాటని ఆవిడ మాట కింద లెక్క వేసేవారు కారు. పసుపు చీటీ మీద అడ్డంకి రాయాలి, నీలం చీటీ మీద దానికి విరుగుడు రాయాలి. మేమంతా ఏసీ గదిలో కాఫీ తాగుతూ జనానికి ఏమేం అడ్డంకులుంటాయో ఊహించాం. అవగాహన లేదు అని ఒకరంటే పోస్టర్లు వేద్దాం అని ఇంకొకరన్నారు. మర్చిపోతారు అంటే మెసేజ్‌లు పంపిద్దాం అన్నారు. సాయంత్రానికి గోడ పెళ్ళిపందిరిలా తయారైంది. దానికి ఫొటో తీసి అమ్మకి పంపిస్తే, అమ్మ ఆదివారం చర్చిలో నా ప్రాజెక్టు కోసం ప్రత్యేకంగా ప్రార్థన చేయించింది.

నేను అద్దెకున్న గది కింద వాటాలో ఇంటావిడ ఉండేది. ఆవిడని పెద్దమ్మా అని పిలిచేదాన్ని. పెద్దమ్మ జూనియర్ ఆర్టిస్టు, అందులోనూ ఏడుపు స్పెషలిస్టు. తెర మీద ఎవరు పోయినా శవం పక్కన గుండెలు బాదుకునే గుంపులో ఆవిడ ఉండాల్సిందే. గ్లిజరిన్ ముట్టుకోదు, అది ఆవిడకి నామోషీ. బీపీ మిషను కొత్తగా వచ్చినప్పుడు చేయి తిరగడానికి మొదట ఆవిడ చేతికే కట్టాను. అంకె చూసి మిషను పాడైందేమో అనుకున్నాను. పాడవలేదు. పెద్దమ్మ అక్కకి ఇలాగే బీపీ పట్టించుకోక పక్షవాతం వచ్చి మంచాన పడింది, ఆవిడకి అన్నం తినిపించేది కూడా పెద్దమ్మే. అలాంటి మనిషికి మళ్ళీ అవగాహన అవసరమా అని నాకు తట్టలేదు. డాక్టరు గారికి చూపించి, మాత్రలు తెచ్చిచ్చి, మెట్ల దగ్గర పోస్టరు కూడా అంటించాను.

ఎప్పుడడిగినా "ఏసుకుంటున్న బిడ్డా" అనేది. బీపీ మాత్రం దిగేది కాదు. ఒకరోజు ఆవిడ ఫ్రిజ్ మీద, ఆ నెల నేను తెచ్చిచ్చిన మాత్రల పట్టీ, మడత విప్పని కొత్త చీరలా అలాగే కనిపించింది. గట్టిగా అడిగితే "అవి నాకు పడ్తలేవు" అని మాట మార్చేసింది. మా ప్రాజెక్టులో మాత్రలు మొదలుపెట్టిన ఆడవాళ్ళు చాలామంది ఇలాగే మానేశారని అప్పటికే తెలిసింది, గోడ మేడమ్ పోస్టర్లు ఇంకా పెద్దవి చేయించమన్నారు. నాకు మాత్రం ప్రాజెక్టు కంటే పెద్దమ్మే బెంగ అయిపోయింది. అక్క పక్కన ఆవిడ కూడా మంచాన పడితే ఇద్దరినీ చూసే దిక్కు లేదు.

అలాంటి ఒక ఆదివారం, శవం సీనుకి ఒక మనిషి తక్కువైందని ఏజెంటు పెద్దమ్మకి ఫోన్ చేశాడు. నీకు సెలవే కదా, తెల్లచీర కట్టుకొని వచ్చి ఊకె కూసో అంది పెద్దమ్మ నాతో. నేను ఎగిరి గంతేశాను. (అమ్మకి ఫీల్డు పని అని చెప్పాను. అబద్ధమని అప్పుడనుకున్నాను గానీ, తర్వాత అదే నిజమైంది.) రోజుకి ఇన్ని నీళ్ళు తాగాలని ఊరందరికీ బోధించేదాన్ని కాబట్టి, నా నీలం రంగు నీళ్ళ సీసా కూడా పట్టుకెళ్ళాను. షూటింగ్ జూబ్లీహిల్స్‌లో అద్దెకిచ్చే ఒక బంగళాలో. నేను గటగటా తాగుతుంటే, గన్ని నీళ్ళు తాగకు బిడ్డా అని పెద్దమ్మ రెండుసార్లు చెప్పింది. నేను ఆవిడకి మూత్రపిండాల గురించి చిన్న ఉపన్యాసమిచ్చాను. చెప్పేవాడికి వినేవాడు లోకువ.

శవం చుట్టూ మమ్మల్ని సర్దాక అసిస్టెంటు డైరెక్టరు వచ్చి, లంచ్ దాకా ఎవరూ కూర్చున్న చోటు నుంచి లేవకూడదన్నాడు. ఒక షాట్‌లో ఉన్న మనిషి తర్వాతి షాట్‌లో మాయమైతే కంటిన్యుటీ దెబ్బతింటుందట. లైటు కోసం కాసేపు ఆగాం, హీరో కోసం ఇంకాసేపు ఆగాం. ఆ సరికి నా పరిస్థితి విషమించింది. బంగళా లోపలి బాత్రూములన్నిటికీ ఓనరు తాళాలు వేసుకున్నాడని పెద్దమ్మ ఏడుపు ఆపకుండానే నా చెవిలో చెప్పింది. బయట లోపలే బాత్రూము ఉండే కారవాన్ బండ్లు రెండున్నాయి. ఒకటి హీరోది, రెండోది శవంగా పడుకున్న పెద్ద నటుడిది. శవానికి బాత్రూముంది, ఏడ్చేవాళ్ళకి లేదు. అది అర్థమయ్యేసరికి నాకు నిజంగానే కళ్ళనీళ్ళు తిరిగాయి. పళ్ళు బిగించి, ముందుకీ వెనక్కీ ఊగుతూ ఏడ్చాను.

అదే నా కొంప ముంచింది. డైరెక్టరు మానిటర్ దగ్గర్నుంచి లేచి, ఆ చివర అమ్మాయి ఎంత సహజంగా ఏడుస్తోందో చూడండి, కెమెరా అటు తిప్పండి అన్నాడు. నాకు క్లోజప్ పెట్టారు. బాగా వచ్చిందని ఇంకొకటి తీశారు. రెండో టేకులో నేను ఇంకా బాగా చేశాను.

చివరికి లంచ్‌కి కట్ చెప్పగానే, ముక్కులో దూది ఉన్న శవమే కళ్ళు తెరిచి నా వంక చూసింది. ఆయన అంతసేపూ నన్ను కనిపెడుతూనే ఉన్నట్టున్నారు. "వెళ్ళమ్మా, నా కారవాన్ తలుపు తీసే ఉంది" అన్నారు మెల్లగా. ఆ మహానుభావుడికి నేనీనాటికీ రుణపడి ఉన్నాను.

తిరిగొచ్చేసరికి పెద్దమ్మ కారవాన్ మెట్ల దగ్గర నిలబడి ఉంది. నా మొహం చూసి నవ్వింది, తర్వాత నవ్వు ఆపేసి చెప్పింది.

"గిదే బిడ్డా సంగతి. నీ గోలీ ఏసుకున్న దినం నాకు పొద్దంతా ఇట్లనే. మధ్యల లేస్తే రేపటి సంది పిలువరు. పిలువకుంటే మా అక్కకు మందులెట్ల?"

నాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి, నీ మీద ఒట్టు పెద్దమ్మా, దీని సంగతేదో తేలుస్తానన్నాను.

మర్నాడు పొద్దున్నే ఒక పసుపు చీటీ మీద బాత్రూమ్ అని రాసి గోడ మధ్యలో అంటించాను. ఇది ఏ వర్గం కిందకొస్తుంది అని అడిగారు గోడ మేడమ్. నేను కథంతా చెప్పాను. శవానికి బాత్రూముంది అన్న దగ్గర ఆవిడ కుర్చీలో వెనక్కి వాలి, కళ్ళజోడు తీసి తుడుచుకునేంతగా నవ్వారు. తర్వాత నీలం చీటీ తనే తీసుకుని, మాత్ర మార్చడానికి కుదురుతుందేమో డాక్టరుని అడగాలి, షూటింగ్ వాళ్ళని కలవాలి అని రాశారు. పాత మాత్ర ఒంట్లో నీటిని లాగి మాటిమాటికీ బాత్రూముకి పరుగెత్తించే రకమట, డాక్టరు గారు అలాంటి ఇబ్బంది పెట్టని వేరే రకం మాత్ర పెద్దమ్మకి రాసిచ్చారు. ఇంతకాలం చెప్పలేదేమ్మా అంటే, మీరు అడగలేదు సార్ అంది. పెద్దమ్మా నేనూ ఫిల్మ్‌నగర్‌లో మేనేజర్ల చుట్టూ తిరిగి, గుంపులో కూర్చునేవాళ్ళకి కూడా ఒక బాత్రూము బండి పెట్టించమని అడిగాం. కొందరు నవ్వి పంపించారు, కొందరు పెట్టించారు. ఆ తర్వాత ఒకరోజు పెద్దమ్మ చేతికి మిషను కట్టి అంకె చూసి, ఆవిడని కావలించుకున్నాను.

ఇప్పుడు నేనే పెద్ద పెద్ద గదుల్లో నిలబడి ప్రణాళికలు ఎలా వేయాలో పిల్లలకి చెబుతున్నాను. గోడ నిండా చీటీలు నేనూ అంటిస్తాను, కాకపోతే ముందు ఒక రోజంతా వాళ్ళతో కూర్చుని రమ్మంటాను. పెద్దమ్మ అప్పుడప్పుడూ ఫోన్ చేస్తుంది. మొన్న చేసినప్పుడు గొంతులో కాస్త దిగులుంది.

"బీపీ మంచిగనే ఉంది బిడ్డా. పనే జర దెబ్బతిన్నది. బాత్రూమ్ బండి వచ్చినప్పటి సంది ఏడుపు ఎనకటి లెక్క వస్తలేదంటుండ్రు."

ఆ సినిమా టీవీలో వస్తోంది చూడమని చెప్పడానికే చేసిందట. పెట్టాను. తెల్లచీరలో ఒక బక్కపిల్ల, తనకి ఏమీ కాని మనిషి కోసం ప్రాణం పోయేలా ఏడుస్తోంది. లోకమంతా తన చీటీల్లో పట్టేస్తుందనుకున్న ఆ పిల్లని చూస్తే ముద్దొచ్చింది, కొంచెం బెంగగా కూడా అనిపించింది. అంత కంటిన్యుటీ చూసుకున్నవాళ్ళకి ఒక్కటి మాత్రం కనిపించలేదు. శవం కాళ్ళ దగ్గర, పూలదండల పక్కన, నా నీలం రంగు సీసా ఖాళీగా నిలబడి ఉంది.