అన్న నడిపిన పికప్ బండి

మొన్న మా ఊళ్లో కుంఠా నాకా కూడలి దగ్గర ఒక పికప్ బండి దీపాలు వెలగక ఆగిపోయింది. మెకానిక్ సెల్‌ఫోన్‌లో వైరింగ్ పటం తెరిచి గీతల మీద వేలు పెట్టి వెతుకుతుంటే, మందుల సంచి పట్టుకుని పోతున్న నేను కదలలేక అక్కడే నిలబడిపోయాను.

మాది మగ్గాల ఇల్లు. అన్న మాత్రం ఒక పవర్‌లూమ్ సేఠ్ దగ్గర పికప్ నడుపుతూ తువ్వాళ్ల మూటలు చేరవేసేవాడు. ఆ సేఠ్ బండ్లు బాగుచేసే షెడ్డులోనే నేను ఎలక్ట్రికల్ పని చేసేవాణ్ణి. ఆ షెడ్డు నడిపే మా ఉస్తాదు దగ్గర నూనె మరకలు పడ్డ వైరింగ్ పటం ఒకటి ఉండేది. బ్యాటరీ నుంచి ఫ్యూజుకూ, అక్కణ్ణుంచి స్విచ్చుకూ, దీపానికీ ఏ రంగు తీగ ఎలా పోతుందో చూపే ఆ కాగితమే, బడి చదువు అబ్బని నాకు అబ్బిన ఒకే ఒక్క చదువు.

ఒక రోజు చీకటి పడే వేళ అన్న సరుకుతో వస్తుండగా రెండు హెడ్‌లైట్లూ ఒక్కసారే ఆరిపోయి, బండి సైకిల్ మీద పోతున్న ఒక నేతపనివాణ్ణి గుద్దింది. అతని కాలు తీసేయాల్సి వచ్చింది. అన్న తాగి నడిపాడని సేఠ్ అందరితో చెప్పాడు. అన్న జన్మలో మందు ముట్టినవాడు కాదు.

బండి మా షెడ్డుకే వచ్చింది. పటం పరుచుకుని, టెస్ట్ ల్యాంపు పట్టుకుని ఒక్కో తీగా చూసుకుంటూ పోయాను. బల్బులు బాగానే ఉన్నాయి. ఫ్యూజు కాలిపోయింది, కొత్తది వేస్తే అదీ కాలిపోయింది. చివరికి డ్యాష్‌బోర్డు వెనుక, దీపాల తీగకు అతికించిన, పటంలో లేని ఎర్ర తీగ ఒకటి కనిపించింది. పాటల డబ్బా కోసం సేఠ్ చౌకగా వేయించుకున్నది. రేకు అంచుకు రాసుకుని దాని పైతొడుగు చిరిగిపోయింది. ఆ తీగ రేకుకు తగిలే ఫ్యూజు కాలి, దీపాలు ఆరిపోయాయి.

సేఠ్‌ను పిలిచి చూపించాను. వంగి చూశాడు, ఆ తీగను చేత్తో పీకి జేబులో వేసుకున్నాడు.

"గప్‌చుప్ కూసో. నా బండ్లు గీ షెడ్డుకు రావాల్నా వద్దా, నీ ఉస్తాదునడుగు."

ఉస్తాదు తల తిప్పుకున్నాడు. నేను పటం మడిచి పెట్టాను.

ఇంటికి పోగానే అన్న ఎదురొచ్చాడు. "ఏందిరా, ఏమన్న దొరికిందా?"

"ఏం దొరకలే అన్నా."

ఆ తర్వాత అన్నకు ఎవరూ బండి ఇవ్వలేదు. మగ్గాల మీదికి పోయాడు, వదిన బీడీలు చుట్టి ఇల్లు లాక్కొచ్చింది. నన్ను ఇప్పటికీ కోసేది అది కాదు. ఏళ్లు గడిచే కొద్దీ అన్నకు తన మీద తనకే నమ్మకం పోయింది. "లైట్లు ఆరలేదేమో, నాకే కన్ను మూతబడ్డదేమోరా," అనేవాడు. ఆదివారం ఆదివారం కాలు పోయినవాని ఇంటికి పోయి, చేతులు జోడించి, వాళ్లకు నీళ్లు మోసి వచ్చేవాడు. అలాగే నమ్మి కిందటేడు పోయాడు.

ఇప్పుడు ఆ షెడ్డు లేదు, మగ్గాలు తుక్కుకు పోయాయి, సేఠూ ఉస్తాదూ కాలం చేశారు. నేను భయపడాల్సిన మనిషి ఒక్కడూ మిగల్లేదు. అందుకే మొన్న అటునుంచి అటే బీడీ కార్మికుల ఇళ్లుండే విడీ ఘర్కుల్‌కు, వదిన దగ్గరికి పోయాను. చెప్పేద్దామనే పోయాను. వదిన చాయ్ పెట్టి, "మీ అన్నకు నువ్వంటే పానం, తాగలేదని నువ్వొక్కనివే ఆయన దిక్కు మాట్లాడినవ్," అంది.

చాయ్ తాగి వచ్చేశాను.