యాంటెన్నా నా చేతిలో ఉండగా

ఈ రోజు పొద్దున నా బావమరిది మీద పగ తీర్చుకున్నాను.

గద్వాలలో మా వీధి మొత్తానికి టీవీ వాళ్లింట్లోనే ఉంది. ప్రతి ఆదివారం అందులో ఒక కార్టూన్ వస్తుంది: ఈత రాని మేక, కోడి, గాడిద పడవెక్కి సముద్రం దాటాలని తంటాలు పడతాయి. వీధంతా చూస్తుంది, నేను తప్ప. మగ్గం నేసే చెయ్యి వణకదని చెప్పి బావమరిది, అల్లుణ్ణన్న మర్యాదైనా లేకుండా నన్ను మిద్దెక్కించి యాంటెన్నా పట్టుకొమ్మంటాడు. నాలుగు వారాలుగా నాకు వినపడింది నవ్వులే. పోయిన వారం మేక తెరచాప నమిలేసిందట, అదీ నా భార్య చెబితే తెలిసింది.

ఈ రోజు ఆఖరి భాగం. పడవ ఒడ్డుకు చేరబోతోందని కింద ఒకటే కేకలు. సరిగ్గా అప్పుడే యాంటెన్నాను బెత్తెడు పక్కకు తిప్పాను.

"ఏంది బావా, గిట్ల చేసినవ్? అన్నీ చుక్కలే వస్తున్నయ్!"

"గాలికి తిరిగిందిరా. జర ఆగు, చూస్తున్న."

కార్టూన్ అయిపోయేదాకా చూస్తూనే ఉన్నాను.

పడవ చేరిందా, మునిగిందా అని వీధిలో ఇంకా వాదులాడుకుంటున్నారు. మునిగిందని నేనే తేల్చి చెప్పాను. మిద్దె మీద నుంచి కళ్లారా చూశానన్నాను. బావమరిది ముఖం చూడాలి!

నా చోట మీరుంటే ఒడ్డుకు చేర్చేవారా?